ఇక వస్తాను

ఫ్రాన్సు నుంచి ఎనభై ఎనిమిదేళ్ళ పెద్దమనిషి మా ఇంటికి వస్తున్నాడని రేపల్లెలో నేను ఒక్కరికే చెప్పాను. ఆ ఒక్కరూ ఆటో నడిపే బెన్నీ. అందుచేత వారం తిరిగేసరికి ఊరందరికీ తెలిసింది. చర్చిలో నా పక్కన కూర్చునే ఆవిడ ప్రార్థన పూర్తయ్యేదాకా కూడా ఆగలేదు.

"ఏంటి స్నేహలతా, ఈ వయసులో కొత్త కబురు వింటున్నాం."

"వయసు సంగతి ఆయన్నే అడుగుదువుగాని, రానీ" అన్నాను.

నాకు నోరు కాస్త ఎక్కువే. ముప్పై నాలుగేళ్ళు భట్టిప్రోలు హైస్కూల్లో తెలుగు చెప్పాను. రిటైరై ఆరేళ్ళయినా ఎదుటివాళ్ళ వాక్యం పూర్తికాకముందే దాన్ని దిద్దేస్తాను. పెళ్ళి కాలేదు. ఎందుకు కాలేదని అడిగినవాళ్ళకు ఒక్కొక్కరికి ఒక్కో కారణం చెప్పాను. అన్నీ నిజమే. సాయంత్రం ఆరు దాటాక మా ఇంట్లో మాట్లాడేది టీవీ ఒక్కటే, దాన్నీ నేను దిద్దుతూనే ఉంటాను.

పై వాటాకు రంగు వేయించాను. బాత్‌రూములో పట్టుకోవడానికి స్టీలు కడ్డీ పెట్టించాను. కారం లేకుండా పప్పు వండడం సాధన చేశాను. రెండు రోజులు తిన్నాక, అంత దూరం నుంచి వచ్చిన మనిషికి ఇది శిక్ష అవుతుందనిపించి రెండు ఎండుమిరపకాయలు వేశాను.

ఇంత హడావుడికీ కారణం ఫిబ్రవరి రెండో వారంలో వచ్చిన ఉత్తరం. ఎప్పుడూ మూడు పేజీలు రాసే మనిషి ఈసారి కొన్ని వాక్యాలే రాశాడు. చెయ్యి వణికినట్టు తెలుస్తూనే ఉంది.

"స్నేహలత గారికి. ఇక్కడ చలి తగ్గలేదు. నా చెవులు పూర్తిగా పోయాయి, ఇప్పుడు కళ్ళ వంతు వచ్చింది. ఇల్లు ఖాళీ చేశాను. పుస్తకాలు ఇచ్చేశాను. పెట్టె సర్దుకున్నాను. మేనకోడలు క్లేర్ సాయం చేసింది. ఇంతకాలం మీరు చూపిన ఓపికకు నమస్కారం. ఇక వస్తాను. లూసియెన్ బార్బే."

ఒక్క తప్పు లేదు. అయినా చెయ్యి ఊరుకోదు కదా. ఎర్ర పెన్ను తీసి 'ఇక వస్తాను' కింద గీత గీసి, "ఎప్పుడు? తేదీ, రైలు చెప్పకుండా వస్తాను అంటే ఏం తెలుస్తుంది?" అని రాశాను. కింద నా ఫోను నంబరు వేశాను. జిరాక్సు తీయించి దగ్గర పెట్టుకుని, అసలు ఉత్తరాన్ని అదే రోజు పోస్టు చేశాను. మా పద్ధతి అదే. ఆయన రాస్తాడు, నేను దిద్ది తిప్పి పంపుతాను, పదికి మార్కులు కూడా వేస్తాను. పద్నాలుగేళ్ళుగా అలాగే జరుగుతోంది.

ఫోను చెయ్యొచ్చు కదా అని బెన్నీ అడిగాడు. ఆయనకు వినపడదు. ఉద్యోగం మొదట్లో ఏళ్ళ తరబడి చెవులకు తగిలించుకున్న యంత్రాలు ఆ చెవుల్ని తినేశాయి. పోనీ ఈమెయిల్ పెట్టండి టీచరు గారూ అన్నాడు. దాన్నీ ఆయన నమ్మడు. ఇతరుల ఉత్తరాలు విప్పి చదివే వాళ్ళ మధ్యే బతికిన మనిషి.

అదే ఆయన ఉద్యోగం. బార్బే గారు ఫ్రెంచి సైన్యంలో శత్రువుల రహస్య సందేశాలు విప్పేవాడు.

ఆయన్ని నేను చూసింది ఒక్కసారే, 2009 డిసెంబరులో, ఐదు రోజులు. భట్టిప్రోలు స్తూపంలో పూర్వం దొరికిన రాతి భరిణెల మీద అక్షరాల గురించి ఎక్కడో చదివి, ఆ చోటు చూడాలని బయలుదేరి వచ్చాడు. ఇంగ్లీషు మాట్లాడుతుందని మా హెడ్మాస్టరు నన్ను ఆయనకు తోడు పంపాడు. ఒక శనివారం తెనాలి స్టేషన్లో దిగాడు. పొడుగు మనిషి, కొంచెం వంగి, ఎడమ చెవి మనవైపు తిప్పి వినేవాడు. మా బడిపిల్లలు అరగంటలో బార్బీ తాత అని పేరు పెట్టేశారు.

భరిణెలు ఎప్పుడో మ్యూజియంకు పోయాయి. స్తూపం దగ్గర మిగిలింది ఇటుకల దిబ్బ, గడ్డి, నాలుగు మేకలు. ఆయన అక్కడ మూడు గంటలు నిలబడ్డాడు. నాకు కాళ్ళు లాగేస్తున్నాయి.

"ఇక్కడ చూడ్డానికేం లేదండి" అన్నాను ఇంగ్లీషులో.

"చదివేవాడు తికమక పడకుండా అక్షరం ఎలా రాయాలా అని ఎవరో ఒకతను ఇక్కడ కూర్చుని ఆలోచించాడు. నేను జీవితమంతా చదివేవాణ్ణి తికమక పెట్టేవాళ్ళతో వేగాను. ఇతని చోటు చూడాలనిపించింది" అన్నాడు.

ఆ మాటతో నాకు ఆయనంటే గౌరవం కలిగింది. ఆ గౌరవాన్ని చూపించే అలవాటు నాకు లేదు గనక వాచీ చూసుకున్నాను. వెళ్ళేముందు బాపట్ల దగ్గర సూర్యలంక సముద్రం చూపించాను. అక్కడ ఇసుకలో నిలబడి, ఉత్తరాల ద్వారా తెలుగు నేర్పుతారా అని అడిగాడు.

"డెబ్బై మూడేళ్ళకు అ ఆ లా?"

"తాళాలు విప్పడం ఒక్కటే వచ్చు నాకు. చేతులు ఖాళీగా ఉన్నాయి" అన్నాడు.

అలా మొదలైంది. నేర్చుకునే పద్ధతి కూడా ఉద్యోగంలో అలవాటైనదే. నా ఉత్తరం చేరగానే ఏ అక్షరం ఎన్నిసార్లు వచ్చింది, ఏ మాట ఏ మాట పక్కన వచ్చింది అని పట్టీ వేసేవాడట. రెండో ఏడు ఒక ఉత్తరంలో రాశాడు: "మీ ఉత్తరాలలో అన్నిటికంటే ఎక్కువసార్లు వచ్చే మాట కనుక్కొన్నాను. 'కాదు'." చదివి రెండు రోజులు మండిపడ్డాను. తర్వాత నవ్వొచ్చింది. ఆ నవ్వు పంచుకోవడానికి ఇంట్లో ఎవరూ లేరు, ఆ సంగతే ఆయనకు ఉత్తరంలో రాశాను. తర్వాత ఉత్తరంలో ఆయన, తన ఇంట్లోనూ ఎవరూ లేరని రాశాడు.

తన సంగతులు కొంచెం కొంచెంగా చెప్పేవాడు. ఇరవై ఏళ్ళకు సైన్యంలో చేర్చుకున్నారు. లెక్కలు బాగా వచ్చని తుపాకీ బదులు చెవులకు యంత్రం తగిలించారు. గాలిలో వచ్చే చప్పుళ్ళను అక్షరాలుగా రాసుకోవడం, ఆ అర్థంలేని అక్షరాల వెనక మాట వెతకడం. ఎంత తెలివైన శత్రువైనా సందేశం మొదట్లో, చివర్లో మర్యాదకు వాడే మాటలు మార్చడట. అయ్యా అని మొదలుపెట్టి, సెలవు అని ముగిస్తాడు. తాళం ఊడేది అక్కడేనని రాశాడు. యుద్ధం అయ్యాక పారిస్‌లో ఒక ఆఫీసులో, నేల కింద గదిలో ముప్పై ఏళ్ళు అదే పని. ఏం చేస్తున్నాడో భార్యకు కూడా చెప్పకూడదు. పదకొండేళ్ళు భోజనాల దగ్గర గోడతో కూర్చున్నట్టుందని చెప్పి ఆవిడ వెళ్ళిపోయింది. పిల్లలు లేరు. ఒక చెల్లెలు, ఆమె కూతురు క్లేర్. కంప్యూటర్లు వచ్చాయి, ఆయన్ని ఇంటికి పంపేశారు.

నేను నా సంగతులు రాశాను. క్రైస్తవుల అమ్మాయి తెలుగు పండిట్ ట్రైనింగ్‌లో మొదటి మార్కు తెచ్చుకుంటే మెచ్చుకున్నవాళ్ళకంటే ఆశ్చర్యపోయినవాళ్ళే ఎక్కువ. ఉద్యోగంలో చేరిన రోజు స్టాఫ్ రూములో ఒకాయన "తెలుగు మేడం అంటే ఇంకెవరో అనుకున్నామండి" అన్నాడు. ఛందస్సు నాకంటే బాగా చెప్పినవాళ్ళు ఆ చుట్టుపక్కల లేరు, ఆ సంగతి వాళ్ళకూ తెలుసు. అయినా ముప్పై నాలుగేళ్ళూ నా భాషలో నన్ను అద్దెకున్నదానిలాగే చూశారు. ఈ కోపం నేను ఎవరికీ చెప్పలేదు, ఆయనకు తప్ప.

2017లో వచ్చింది అసలు ఉత్తరం. ఆ ఉత్తరం కోసమే ఈ ఇంటికి రంగు వేయించాను. అప్పటికి ఆయన తెలుగు చాలా మెరుగైనా, మనసు కదిలినప్పుడు పాత పుస్తకాల భాషలోకి జారిపోయేవాడు. జిరాక్సు ఎన్నిసార్లు చదివానో, మొత్తం నాకు కంఠతా వచ్చు.

"టీచరు గారు, అప్పుడు నాకు ఇరవై రెండు సంవత్సరం. సముద్రం అవతల యుద్ధం. కొండ మీద గుడారంలో ఉంటిని. ఒక సందేశం విప్పితిని. దానిలో పెళ్ళి అనే మాట వచ్చెను. ఒక ఊరి పేరు వచ్చెను, గురువారం వచ్చెను. పెళ్ళి అనునది ఆయుధములకు పెట్టిన దొంగపేరు అని నేను తలచితిని. పై అధికారికి అలాగే రాసి ఇచ్చితిని. గురువారం విమానాలు వెళ్ళెను. అది పెళ్ళి. నిజం పెళ్ళి. అక్షరాలు తప్పలేదు. మాట తప్పింది. దీన్ని నా భాషలో ఎవరికీ చెప్పను అని ప్రమాణం చేసినాను. తెలుగులో చెప్పకూడదు అని ఎవరూ అనలేదు. ఇది చెప్పడానికే మీ భాష నేర్చుకొంటినేమో, తెలియదు. మీరు చదివితే చాలు."

ఆ దేశం పేరు ఆయన రాయలేదు, నేను అడగలేదు.

ఏం రాయాలో తెలియలేదు. అంత పెద్ద మాట నాకు జీవితంలో ఎవరూ చెప్పలేదు. నేను మంచి చెడ్డలు చెప్పగలదాన్ని కాను, ఓదార్చడం అసలే రాదు. చేతిలో ఎర్ర పెన్నుంది. 'ఇరవై రెండు సంవత్సరం' కొట్టేసి 'ఇరవై రెండేళ్ళు' అని రాశాను. 'విప్పితిని' కొట్టేసి 'విప్పాను' అని రాసి, గ్రాంథికం వద్దని ఎన్నిసార్లు చెప్పాలి అని పక్కన రాశాను. 'దొంగపేరు కాదు, మారుపేరు.' 'మాట తప్పింది' దగ్గర పెద్ద గీత గీశాను: "మాట తప్పడమంటే ఇచ్చిన మాట నిలుపుకోకపోవడం. ఇక్కడ అర్థం తప్పింది అని రాయాలి." అలా పద్నాలుగు తప్పులు దిద్దాను. కింద ఆరు బై పది వేశాను. భయమేసి, మళ్ళీ చదవకుండా, మధ్యాహ్నమే పోస్టు చేసి వచ్చాను.

నెల తర్వాత జవాబు వచ్చింది. దిద్దిన వాక్యాలన్నీ బుద్ధిమంతుడిలాగా శుభ్రంగా రాశాడు. 'అర్థం తప్పింది' అని పదిసార్లు రాశాడు. ఆ సంగతి గురించి ఇంకొక్క ముక్క లేదు. ఆ తర్వాత ఎప్పుడూ ఎత్తలేదు, నేనూ ఎత్తలేదు. వానలు, మామిడిపళ్ళు, సంధులు, సమాసాలు రాసుకున్నాం. ఏడేళ్ళు.

నేను ఒక్క మాట రాయాల్సింది. చదివాను అని. ఆయన అడిగిందీ అంతే. ప్రతి ఉత్తరం రాసేటప్పుడూ ఈసారి రాద్దాం అనుకునేదాన్ని, ప్రతిసారీ ఆలస్యమైపోయిందిలే అని సిగ్గుపడి ఊరుకునేదాన్ని. అందుకే ఆయన వస్తానని రాసేసరికి నాకు ప్రాణం లేచొచ్చింది. కాగితం మీద చెప్పలేనిది ఎదురుగా కూర్చోబెట్టి చెప్పొచ్చు. వినపడకపోతే ఏం, అరచేతిలో వేలితో రాస్తాను. అక్షరాలు నేర్పింది నేనేగా.

మార్చి గడిచింది, జవాబు రాలేదు. అంటే బయలుదేరిపోయి ఉంటాడు, ఉత్తరం ఆయనకు అందలేదు అనుకున్నాను. పోయినసారి శనివారం వచ్చాడు గనక ఈసారీ శనివారమే వస్తాడని తీర్మానించుకున్నాను. ఇందులో తర్కం లేదని నాకు తెలుసు. ఏప్రిల్లో నాలుగు శనివారాలు రేపల్లెలో పాసింజరు ఎక్కి తెనాలిలో దిగి, మద్రాసు వైపు నుంచి వచ్చే బళ్ళ కోసం బెంచీ మీద కూర్చున్నాను. ఎండకు రేకు కప్పు చిటపటలాడేది. బండి ఆగేది, పెట్టెలు దిగేవి, పెళ్ళివాళ్ళు దిగేవారు, చీరాల నుంచి బట్టల మూటలతో ఆడవాళ్ళు దిగేవారు. పొడుగు మనిషి కనబడితే లేచి నిలబడేదాన్ని.

మూడో శనివారం టీ కొట్టాయన అడిగాడు.

"ఎవరి కోసమమ్మా, వారం వారం వస్తున్నారు?"

"మా స్టూడెంటు" అన్నాను.

"పిల్లలు చెప్పిన టైముకు ఎక్కడ వస్తారండి" అని ఆయన ఇంకో టీ ఇచ్చాడు.

తిరిగి వచ్చేటప్పుడు పాసింజరు కిటికీ దగ్గర కూర్చుని, చదివానండి, చదివాను, నేను చదివాను బార్బే గారూ అని మార్చి మార్చి చెప్పుకునేదాన్ని. ఏది సహజంగా ఉంటుందో తేలేది కాదు. మాటల మనిషిని, ఒక్క మాట దగ్గర అంత తడుముకుంటానని అనుకోలేదు.

నెలాఖరున బాపట్ల వెళ్ళాను. కామేశ్వరమ్మకు బాగాలేదు. భట్టిప్రోలు స్కూల్లో ఆవిడ లెక్కలు, నేను తెలుగు. ఇరవై ఏళ్ళు ఒకే బల్లకు అటూ ఇటూ కూర్చున్నాం. ఇప్పుడు చెల్లెలి ఇంట్లో మంచం పట్టి ఉంది. మనిషి సగమైపోయింది, నాలుక మాత్రం అలాగే ఉంది.

"ఏంటే, నీ ఫ్రెంచాయన రాలేదంటగా."

"వస్తానన్నాడు. రాశాడు కూడా."

"ఎనభై ఎనిమిదేళ్ళవాడు ఆ ఎండల్లో ఎట్టా వస్తాడే? లెక్క చూసుకోవా?"

"వస్తానని రాసినవాడు రాడా?"

రెండు గంటలు పాత సంగతులు చెప్పుకున్నాం. ఒకప్పటి హెడ్మాస్టర్లను ఒక్కొక్కరినీ వరసగా ఉతికేశాం. మధ్యలో ఆవిడకు ఆయాసం వస్తే చెయ్యి పట్టుకుని కూర్చున్నాను. బస్సు టైమయింది. లేచాను.

"వస్తానే కామేశ్వరీ" అన్నాను.

ఆవిడ నవ్వింది.

"నువ్వు రావులే."

"అదేంటే?"

"మళ్ళీ వచ్చేసరికి నేనుండను. నీకూ తెలుసు, అందుకే ఇంతసేపు చెయ్యి వదల్లేదు. పర్లేదు, వెళ్ళు. వస్తానన్నావుగా, చాలు."

గేటు దాకా వచ్చాను. గడియ మీద చెయ్యి వేసి అక్కడే నిలబడిపోయాను.

నేను వెళ్తున్నాను. వెళ్తూ వస్తాను అన్నాను. పుట్టి బుద్ధెరిగిన దగ్గర్నుంచీ ఏ గడప దాటినా అదే అన్నాను. పోతాను అంటే మా అమ్మ నోటి మీద కొట్టేది. ఈ ఊళ్ళలో ఐదేళ్ళ పిల్లకు కూడా తెలిసిన మాట అది.

ఇల్లు ఖాళీ చేశాను. పుస్తకాలు ఇచ్చేశాను. పెట్టె సర్దుకున్నాను. మీ ఓపికకు నమస్కారం. ఇక వస్తాను.

ఆయన సెలవు తీసుకున్నాడు. మనలో ఒకడు ఎలా తీసుకుంటాడో అచ్చం అలాగే, ఒక్క అక్షరం పొల్లు పోకుండా తీసుకున్నాడు. ఉత్తరం చివర మర్యాదకు వాడే మాట అది. తెలుగు పండితురాలిని నేను దాని కింద ఎర్రగీత గీసి, తేదీ రాయమన్నాను. అదే ఉత్తరం కామేశ్వరమ్మ రాసి ఉంటే చదవగానే ఏడ్చేదాన్ని. రాసింది తెల్లవాడు గనక, పాపం మాటకు పైఅర్థమే తెలిసి ఉంటుందిలే అనుకున్నాను. పద్నాలుగేళ్ళు నా భాషలో బతికినవాణ్ణి గుమ్మం అవతలే నిలబెట్టాను. స్టాఫ్ రూములో నన్ను ఆ మాట అన్నాయన మీద ఇన్నేళ్ళు కోపం పెట్టుకున్నదాన్ని, నేను చేసింది మాత్రం వేరేమిటి? బస్సులో కిటికీ వైపు తిరిగి ఊరొచ్చేదాకా ఏడ్చాను.

మర్నాడు పొద్దున్నే కాగితం తీశాను. ఎర్ర పెన్ను డ్రాయరులో పడేసి బెన్నీ చేత నీలం పెన్ను తెప్పించుకున్నాను. చాలా రాద్దామని కూర్చున్నాను. మధ్యాహ్నానికి కాగితం మధ్యలో ఒక్క మాట ఉంది: చదివాను. అంతకు మించి ఏది రాసినా అది నా కోసం రాసుకుంటున్నట్టే ఉంది. కవరు మీద పాత అడ్రసే రాసి పోస్టు చేశాను. ఖాళీ చేసిన ఇంట్లో ఎవరు తీసుకుంటారో తెలియదు. ప్రాణాలతో ఉంటే చాలు, కళ్ళు పూర్తిగా పోకుండా ఉంటే చాలు అని ఆ నాలుగు వారాలూ ప్రార్థన చేశాను. దేవుణ్ణి అంత చిన్న కోరిక కోరడం అదే మొదటిసారి.

మే నెల చివర ఒక ఉదయం ఫోను మోగింది. పొడవాటి నంబరు.

"మేడమ్ స్నేహలత? నా పేరు క్లేర్. లూసియెన్ బార్బే మేనకోడల్ని."

ఇంగ్లీషులో మాట్లాడుకున్నాం. ఆ అమ్మాయి ఇంగ్లీషు, నా ఇంగ్లీషు ఒకటే తీరు, మెల్లగా, ఒక్కో మాట ఏరుకుంటూ.

"మామయ్య ఫిబ్రవరి మూడో తేదీన పోయారు. మీకు చెప్పడం ఆలస్యమైంది, క్షమించండి. మీ ఉత్తరాలు పాత ఇంటికి వెళ్ళి, అక్కడి నుంచి తిరిగి తిరిగి మొన్ననే నాకు చేరాయి. ఒకదాని మీద మీ నంబరుంది."

ఫిబ్రవరి మూడు. ఆయన ఉత్తరం నాకు అందేనాటికే ఆయన లేడు. నేను రంగు వేయించింది, కడ్డీ పెట్టించింది, తెనాలిలో కూర్చుంది అన్నీ ఆ తర్వాతే. కుర్చీ లాక్కుని కూర్చున్నాను.

"మిమ్మల్ని ఒకటి అడగాలి. మా అమ్మ బతికినంతకాలం అన్నయ్య యుద్ధంలో ఏం చేశాడో తెలుసుకోవాలని చూసింది. ఆయన ఆఫీసు పని అనేవారు, అంతే. రాత్రుళ్ళు కేకలు పెట్టి లేచేవారని ఆయన భార్య మా అమ్మతో చెప్పిందట. ఆయన దగ్గర మీ ఉత్తరాల కట్ట ఉంది. ఫోనులో ఏదో యాప్‌తో చదివించాలని చూశాను. చేతిరాత కదా, ఏమీ రాలేదు. రహస్యాలు నాకొద్దు మేడమ్. ఒక్కటే కావాలి. ఆ మనిషి తన మనసులో ఉన్నది ఎవరికైనా చెప్పుకున్నారా?"

"చెప్పుకున్నారు" అన్నాను.

"మీకా?"

"నాకే."

అవతల కాగితం విప్పిన చప్పుడు.

"నిన్న ఇంకో ఉత్తరం వచ్చింది మీ దగ్గర్నుంచి. పెద్ద కాగితం మధ్యలో ఒకే మాట ఉంది. అదేంటి?"

"చదివాను, అని. మీరు చెప్పింది నేను చదివాను, అని అర్థం."

"అయ్యో. అయితే ఇది ఆయనకు అందనే లేదు. ఆ సంగతి తెలియకుండానే పోయారా?"

నేను ముప్పై నాలుగేళ్ళు పిల్లల చేత నిజం రాయించినదాన్ని. ఆ అమ్మాయి ముందున్న కట్టలో పద్నాలుగు తప్పులతో, ఆరు బై పదితో ఆ కాగితం ఉంది. నా జవాబు అదొక్కటే.

"లేదమ్మా. అది ఊరికే మళ్ళీ రాశాను. ఏడేళ్ళ కిందటే చెప్పాను ఆయనకు. ఉత్తరం అందిన రోజే చెప్పాను."

"నిజంగా?"

"నిజంగా."

అప్పుడు ఆ అమ్మాయి ఏడ్చింది. చాలా దూరం నుంచి, చిన్నగా. తేలికపడి ఏడ్చే ఏడుపు ఎలా ఉంటుందో నాకు తెలుసు.

"థాంక్యూ మేడమ్. అయితే ఆయన ఒంటరిగా పోలేదు."

"లేదమ్మా, పోలేదు" అన్నాను.